నెత్తికెక్కిన కన్ను

చేపకి చెవిలో రాయి ఉంటుంది,
కత్తిరించి పారేసిన గోరంత.
దాన్ని అడ్డంగా విరిచి, దీపం మంట మీద కాస్త మాడ్చి,
నూనెచుక్క వేసి భూతద్దం కింద పెడితే
చలికాలానికి ఒకటి చొప్పున నల్లటి గీతలు.
అవి లెక్కపెట్టినందుకే నాకు జీతం.

ఈ పొద్దున బల్ల మీద నలభై రెండు పొట్లాలు.
పొట్లం మీద పెన్సిల్ రాత:
ఒఖోత్స్క్ సముద్రం, ఆరువందల మీటర్ల లోతు, నల్ల హాలిబట్.
హీటర్ పక్కన, కోటు విప్పకుండా,
చిన్నమ్మమ్మ క్లావ్దియా.

సఖాలిన్ ఉత్తరపు ఒడ్డు నుంచి
రాత్రంతా రైల్లో కూర్చుని వచ్చింది కంటి ఆసుపత్రికి.
ఎడమ కంట్లో పాలు విరిగినట్టు పొర.
డాక్టరు పిలిచేది పన్నెండింటికి.
అందాకా నా పని చూస్తానంది, ఉన్న ఒక్క కంటితో.

"బురదలో కాళ్ళతో వెతికేవాళ్ళం మేం కంబాలాని,"
అంది, ఎవరూ అడక్కుండానే.
"నీళ్ళు తీసినప్పుడు, ఆడపిల్లలం, మోకాళ్ళ దాకా దిగి.
అరికాలి కింద గరుకుగా నేల కదిలితే
అరవకూడదు. అక్కడే బరువేసి నిలబడాలి.
నేను అరిచేదాన్ని."

పుట్టినప్పుడు అదీ అన్ని చేపల్లాగే, అన్నాను.
ఇటో కన్ను, అటో కన్ను,
నిటారుగా, వెలుతురు తగిలే నీళ్ళలో.
కొన్ని వారాలు గడిచాక
ఒక కన్ను మూట కట్టుకుని బయల్దేరుతుంది
నుదుటి మీదుగా రెండోదాని ఇంటికి.
పుర్రె మెలిపడుతుంది, నోరు వంకర పోతుంది,
చేప ఒక పక్కకి ఒరిగి
అడుక్కి దిగిపోతుంది.
ఆ పక్క ఇక తెల్లబడిపోవడమే,
బతికినన్నాళ్ళూ బురదని చూడ్డానికి దానికి కన్నుండదు.

"మమ్మల్నీ అట్లాగే పడుకోబెట్టారు," అంది.
ఇంకేం చెప్పలేదు కాసేపు.
హీటర్ టిక్కుటిక్కుమంది.

తర్వాత చెప్పింది. కాగితం మీద ఊళ్ళ పేర్లు,
మా ఊరి పేరు పక్కన అడ్డగీత.
పొయ్యి ఇటుకలు తీసుకెళ్ళొచ్చన్నారు,
కుక్కలకి పడవలో చోటు లేదన్నారు.
మూడు రోజులు ఒడ్డు వెంట పరిగెత్తాయట అవి.
మూడు రోజులని ఎవరు లెక్కపెట్టారో చెప్పలేదు.

"ఆ ఏడు పుట్టిన చేప ఉందా నీ దగ్గర?"

వెతికాను. నలభై రెండు పొట్లాలూ విప్పాను.
పదకొండు, తొమ్మిది, పద్నాలుగు, మళ్ళీ తొమ్మిది,
అన్నిటికన్నా ముసలిదానికి పంతొమ్మిది గీతలు.
ఇరవయ్యోదేమోనని కళ్ళజోడు తుడుచుకుని చూశాను,
అది గీత కాదు, గీరు.
"లేదు చిన్నమ్మమ్మా. ఇవన్నీ నిన్న మొన్నటివి."

"అయితే నా చెవిలో చూడు," అంది,
తలగుడ్డ పక్కకి తోసి నిజంగానే తల వంచింది.
నవ్వబోయి ఆగాను.

ట్రేలో మంచు మీద ఒక చేప మిగిలుంది, తల కొయ్యనిది.
వేలితో తిరగేసింది. ఇటూ నలుపే, అటూ నలుపే.
"దీనికి తెల్ల పక్క ఏది?"
లేదు. ఇది మిగతావాటిలా పూర్తిగా పడుకోదు,
అప్పుడప్పుడు నిటారుగా ఈదుతుందంటారు.
ఎడమ కన్ను చూడు,
బయల్దేరింది గానీ అవతలికి చేరలేదు,
సరిగ్గా నెత్తి అంచున ఆగిపోయింది.

పొగరుబోతుని కళ్ళు నెత్తికెక్కాయంటారు.
దీనికి ఒక్కటే ఎక్కింది.
"సగం దారిలో మాట వినడం మానేసింది," అంది చిన్నమ్మమ్మ,
తప్పు చేసిన మనవణ్ణి వెనకేసుకొచ్చే గొంతుతో.
మంచి కన్ను అరచేత్తో మూసుకుని
పొర కమ్మిన కన్ను చేప ముఖానికి దగ్గరగా పెట్టింది.
ఏం కనిపించిందని అడగలేదు నేను.

పదకొండుంపావుకి బస్సు.
గడిలో పంతొమ్మిది అని రాశాను,
పొట్లం మడవబోతే అందులో ఒక రాయి తక్కువ.
బల్ల కింద చూశాను, వొళ్ళో చూసుకున్నాను.
గుమ్మం దగ్గర ఆవిడ, కుడిచేతి తొడుగు బిగించుకుంటూ,
"పద, ఆలస్యమవుతోంది," అంది.